మెడదాకా వచ్చిన ముసుగు

చెన్నూరులో మగ్దలేనమ్మ పొద్దున్నే లేచి మొదట చేసే పని కుట్టుమిషనుకు రెండు చుక్కలు నూనె వేయడం. టీ ఆ తర్వాతే. అన్నం పెట్టేది మిషను కాబట్టి అది ముందు తాగాలి, మనిషి తర్వాత తాగాలి అని ఆమె వాదన. ఎనిమిది దాకా బడిపిల్లల యూనిఫాంలు, పది దాటితే జాకెట్లు, మధ్యాహ్నం ఎండ ముదిరాక హుక్కులూ కాజాలూ. ఆదివారం మిషనుకూ మనిషికీ ఇద్దరికీ సెలవు.

చర్చిలో పెళ్లి ప్రకటన చదివిన వారం మాత్రం ఇంకో పని పడుతుంది. మంచం కింది ఇనప్పెట్టె లాగి, వేపాకుల మధ్య మడతపెట్టిన సంఘం ముసుగు తీసి, కుంకుడు రసంలో ఉతికి నీడన ఆరేయాలి. ఎప్పుడో మిషనరీల కాలంలో ఒక దొరసాని ఇచ్చిపోయిందట. చర్చికి వచ్చే నలభై ఇళ్లకూ అదొక్కటే ముసుగు. తెల్లచీర ఎవరిది వాళ్లు కొనుక్కుంటారు, ముసుగు మాత్రం అందరూ దీన్నే వేసుకుంటారు. పెళ్లికూతురు ఎంత దూరం పోతుందో ఈ ముసుగు అంత పొడుగు అవుతుంది మరి. షాపుల్లో దొరికేవాటికి ఆ తెలివి ఎక్కడిది?

మంచిర్యాలకు పోయే పిల్లకు నడుము దాకా వస్తుంది. కరీంనగర్ అయితే మడమలు తాకుతుంది. హైదరాబాదు పిల్లకు వెనకాల ఐదు బారలు పరుచుకుంది. కువైట్ పోయిన నర్సు పిల్లకైతే చర్చి గుమ్మం దాటి, గేటు దాటి, రోడ్డుకు అడ్డంగా పోయింది. పెళ్లి అయ్యేదాకా ఆటోవాళ్లు ఇంజన్లు ఆపుకొని ఓపిగ్గా కూర్చున్నారు. ఎదురింటి పిల్లవాణ్ణి చేసుకున్న పిల్లకు చేతిరుమాలంత వచ్చింది. ఫొటోల్లో తన తలమీద ఏమీ కనబడటం లేదని ఆమె ఇప్పటికీ మొగుణ్ణి సాధిస్తుంటుంది.

ఊళ్లో ఎవరూ దీన్ని వింతగా చెప్పుకోరు. పెళ్లికి పిలవను పోతే "పిలగాడేం జేస్తడు?" అని ఒక ప్రశ్న, "ముసుగెంతొచ్చింది?" అని ఇంకో ప్రశ్న, అంతే. ఒక్కసారి మాత్రం, ఆరేళ్ల కింద, విజయవాడ సంబంధం కుదిరిన పిల్లకు ముసుగు చెవుల కిందనే ఆగిపోయింది. పెళ్లి రెండు రోజులుందనగా మగపెళ్లివాళ్లు ఫోనెత్తడం మానేశారు. ఆ పిల్ల ఇప్పుడు చెన్నూరులోనే మందుల దుకాణంలో పనిచేస్తోంది. అప్పటినుంచి ముసుగు వేసి చూసే రోజు ఆడపిల్లల తల్లులకు అన్నం సహించదు.

ఈసారి ప్రకటన మగ్దలేనమ్మ ఇంటిదే. పెళ్లికూతురు మహిమ ఆమె అక్క కూతురు. అక్క పోయేనాటికి పిల్లకు మూడేళ్లు. బావ భీవండి మగ్గాల పనికి పోయి, అక్కడే ఇంకో సంసారం పెట్టుకున్నాడు. అప్పటికి మగ్దలేనమ్మకు ఇరవై రెండు. రెండు సంబంధాలు వచ్చాయి. పిల్లను ఎవరికన్నా అప్పజెప్పి రమ్మన్నారు. ఆమె పిల్లను ఉంచుకొని సంబంధాలను పంపేసింది. ఇప్పుడామెకు నలభై ఆరు, మహిమకు ఇరవై ఏడు. మహిమ ఆమెను చిన్నవ్వా అంటుంది, చిన్నమ్మా అని.

పెళ్లికొడుకు బెన్నీది ఆదిలాబాద్. అక్కడి జిన్నింగు మిల్లులో పత్తి బేళ్లు నొక్కే మిషను మెకానిక్. రెండేళ్ల కింద చెన్నూరు మిల్లులో మిషను మొరాయిస్తే బాగుచేయడానికి వచ్చి, వారం పనిని నెలన్నర చేశాడు. పనిమీద ఎంత శ్రద్ధో అని మిల్లువాళ్లు మెచ్చుకున్నారు. ఆదివారాలు చర్చిలో వెనక బెంచీలో కూర్చుని శ్రుతి లేకుండా పాడేవాడు. ఒకరోజు బయటికి వస్తుంటే మహిమ అతని కాలరు మీది దూది పింజ తీసి, ఎక్కడ పారేయాలో తోచక గుప్పిట్లో పెట్టుకొని ఇంటికి తెచ్చుకుంది. "చేసుకుంటే గీయన్నే చేసుకుంట చిన్నవ్వా" అని ఆ సాయంత్రమే చెప్పేసింది. రెండేళ్లు ఆగారు. ఈస్టర్ అయినాక, పత్తి కాలం ముగిసి మిల్లు ఆగినాక పెళ్లి అనుకున్నారు.

పెళ్లి పది రోజులుందనగా బెన్నీ అక్క నవత ఆదిలాబాద్ నుంచి బస్సు దిగింది. ఆమె చేతిలో చంటిపిల్లంత అట్టపెట్టె. మగపెళ్లివాళ్లు పెట్టే పెళ్లిబట్ట అందులో ఉంది. చెన్నూరు సంఘంలో ఇన్నాళ్లూ అందరిదీ తెల్లచీరే. నవత మాత్రం నాగ్‌పూర్ పోయి గౌను తెచ్చింది. మీగడ రంగు, చేతులకు లేసు, వెనకాల నేలమీద బారెడు తోక.

"నా పెండ్లికి గౌనేస్కుంటనంటే మా బాపు ఒప్పుకోలే అత్తమ్మా," అన్నది నవత మగ్దలేనమ్మతో. "గందుకే తమ్ముని పెండ్లికన్న మురిపెం తీర్చుకుందామని. గౌనుతోని షాపు ముసుగు గూడ ఇచ్చిండ్రు గని, మీకు మీ ముసుగున్నదట గదా. తెచ్చుడైతే తెచ్చిన."

మహిమ గౌను తొడుక్కొని గది మధ్యలో నిలబడింది. మగ్దలేనమ్మ చేతులు కడుక్కొని, చెంగుకు తుడుచుకొని, సంఘం ముసుగు విప్పి పిల్ల తలమీద వేసింది. ఆదిలాబాద్ అంటే మూడు బారలైనా వస్తుందని ముందే బల్లలు పక్కకు జరిపి పెట్టింది.

మామూలుగా నడుము దాకా ఉండే ముసుగు మెల్లగా పైకి పోయింది. భుజాలు దాటి మెడ దగ్గర ఆగింది. అక్కడినుంచి ఒక్క వేలెడు కూడా కదల్లేదు.

మహిమ చేత్తో వెనక తడుముకొని, ముసుగు అంచు దొరికిన చోట వేళ్లు పెట్టి అట్లాగే నిలబడిపోయింది.

"ఎంతొచ్చింది చిన్నవ్వా?"

మగ్దలేనమ్మ వంగి గౌను తోక సర్దడం మొదలుపెట్టింది. జవాబు చెప్పకపోవడానికి దుఃఖం ఒక్కటే కారణం కాదు. ముసుగు మెడ దగ్గర ఆగిన ఆ క్షణంలో ఆమె గుండెల్లో మొదట పుట్టింది సంతోషం. పిల్ల ఎక్కడికీ పోదు, తన దగ్గరే ఉంటుంది అన్న సంతోషం. అది పుట్టినంత సేపట్లోనే పోయింది గానీ, పుట్టింది మాత్రం నిజం. ఆ సిగ్గుతో ఆమె తల పైకెత్తలేకపోయింది.

సంగతి సాయంత్రానికి ఊరు చుట్టింది. పక్కింటి సాలెవాళ్ల ముసలమ్మ కిష్టవ్వ మజ్జిగ చెంబు పట్టుకొని వచ్చి గడపలో కూర్చుంది. "పిలగాడు మంచోడేనా? జర అర్సుకున్నరా?" అని గొంతు తగ్గించి అడిగింది. చర్చి పాస్టరు పౌలు అయ్యగారు వచ్చి ప్రార్థన చేసి, పోతూపోతూ, "ముసుగు దూరం జెప్తదమ్మా, సంగతి జెప్పదు. తొందరపడి పరేషాన్ గాకుండ్రి," అన్నారు. అయ్యగార్లు అట్లాగే అంటారని ఎవరూ దాన్ని పట్టించుకోలేదు.

మహిమ బెన్నీకి ఫోన్ చేసి ఉన్నది ఉన్నట్టు చెప్పింది.

"మెడ దాకనే వచ్చిందా?" అన్నాడు బెన్నీ. "నేనైతే ఏడికి పోతలేను మహిమా. పెండ్లి నాడు పొద్దుగాల్నే వచ్చి చర్చి ముందర నిలవడుత. నువ్వొస్తే చాలు," అన్నాడు.

"నేనొస్త. ముసుగే రావద్దంటున్నది," అని మహిమ ఫోన్ పెట్టేసి ఏడ్చింది. బెన్నీ మాట తప్పడని ఆమెకు తెలుసు. ముసుగు లెక్క తప్పదని కూడా తెలుసు. ఈ రెండింటి మధ్య దారి ఎట్లా ఉంటుందో తెలియక అన్నం ముందు కూర్చొని లేచిపోయింది. మరునాడూ అంతే. చున్నీ సర్దుకున్నప్పుడల్లా చెయ్యి మెడ వెనక్కే పోతోంది.

మూడోరోజు మధ్యాహ్నం మగ్దలేనమ్మ హుక్కులు కుట్టడం ఆపింది. కిటికీకి కట్టిన తడిచాప వాసన ఇల్లంతా పట్టి ఉంది. ఎండకు ఊరు మొత్తం కునుకు తీస్తోంది.

"నీకొక మాట జెప్పాలె మహిమా," అన్నది. "ముసుగు గట్ల ఆగినప్పుడు నాకు జరసేపు సంతోషమైంది. నువ్వు పోవని. నా మనసుల గీ పాడు కోరిక ఉండబట్టే అది గట్లయిందేమో. నువ్వు షాపు ముసుగేస్కో బిడ్డా. అయ్యగారు వద్దనడు. దానికేం తెల్వదు, ఏం జెప్పదు. ఆదిలాబాద్ పోయి సుకంగ ఉండు."

మహిమ కోపగించుకోలేదు. లేచి వచ్చి చిన్నవ్వ పక్కన నేలమీద కూర్చుంది.

"నాకు గూడ జరసేపు అయింది," అన్నది.

ఇద్దరూ లేచి, ఈ గొడవతో తిరిగిపోకుండా ఇక్కడే ఆగిన నవతను నిద్ర లేపారు. ఏ ముసుగైనా గౌనుకు నప్పాలి కదా. ఏడ్చినా పెళ్లి పెళ్లే, బట్ట బట్టే.

తీరా చూస్తే అక్కడొక చిక్కు వచ్చింది. తెలుపంటే ఒకటే అనుకునేవాళ్లు బట్ట కుట్టనివాళ్లు. పాలది ఒక తెలుపు, గంజిది ఒక తెలుపు, కొత్త పత్తిది ఒక తెలుపు, వానకు తడిసిన పత్తిది ఇంకో తెలుపు. గౌనుది మీగడ తెలుపు. షాపు ముసుగు మీగడలాగే ఉంది గానీ దాని అంచుకు కుట్టిన పూసలు నీలంగా మెరుస్తున్నాయి. సంఘం ముసుగుది గంజి తెలుపు. నవత ఫోన్లో ఫొటోలు తీస్తే అన్నీ ఒక్కతీరే వచ్చాయి. ఇంట్లో ఉన్నది చేతి అద్దం. తొడుక్కున్న మనిషికి తన వీపు కనబడదు.

"అత్తమ్మా, మీది మహిమది ఒక్కటే కొలత గదా," అన్నది నవత. "మీరు తొడుక్కొని నిలబడుండ్రి. మహిమ దూరం నుంచి జూసి ఏది మంచిగుంటదో జెప్తది."

"నేనా? గౌనా? నాకేం పుట్టిందే?" అని మగ్దలేనమ్మ నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది. ఒకరి జాకెట్టు ఒకరు తొడుక్కునే ఇల్లే అది. అయినా గౌను వేరు. కాదూ కూడదూ అంటూనే లోపలికి పోయి తొడుక్కొని వచ్చింది. నలభై ఆరేళ్ల మనిషి, మెడలో టేపు తీయడం కూడా మరచిపోయి, మీగడ రంగు గౌనులో గది మధ్య నిలబడింది. అప్పుడే మజ్జిగ చెంబుతో వచ్చి గడపలో కూర్చున్న కిష్టవ్వ ఎగాదిగా చూసి, "మంచిగున్నది. భుజాల కాడ జర వదులు," అని మజ్జిగ తాగింది.

ముందు షాపు ముసుగు వేసి చూశారు. పూసలు నచ్చలేదు. అది తీసి సంఘం ముసుగు వేశారు. పెళ్లికూతురు కానివాళ్లు దాన్ని వేసుకుంటే ఏమవుతుందో ఎవరికీ తెలియదు. ఇంతవరకూ ఎవరూ వేసుకోలేదు. ఇరవై ఏళ్లుగా ఉతికి, ఆరేసి, మడతపెట్టిన మగ్దలేనమ్మ కూడా ఒక్కసారైనా తలమీద పెట్టుకొని చూడలేదు. తీరిక లేక కాదు, ధైర్యం చాలక.

ముసుగు ఆమె భుజాల మీదికి జారింది. నడుము దాటింది. మడమలు దాటింది. సన్నమంట మీద పాలు పొంగినట్టు చప్పుడు లేకుండా గౌను తోకను కప్పేసి, నేలమీద పాకుతూ గడప దగ్గరికి పోయింది. కిష్టవ్వ కాళ్లు దగ్గరికి ముడుచుకొని దారిచ్చింది. వాకిట్లో కోడి ఒకటి దానిమీద ఒక అడుగు వేసి, తప్పు చేసినట్టు వెనక్కి తీసుకుంది. బట్టలుతికే బండ దాకా పోయి ముసుగు ఆగింది. తెల్లటి ఎండలో తెల్లటి ముసుగు, ఎక్కడ ఏది ముగుస్తుందో కంటికి ఆనడం లేదు.

నవత బారలు వేసుకుంటూ వాకిట్లోకి పోయి వచ్చింది. "మూడు బారలు," అన్నది. "బరాబర్ ఆదిలాబాద్."

"ఖరాబైంది," అన్నది మగ్దలేనమ్మ. భయంతో ఆమె మెడ కూడా తిప్పడం లేదు. "కుంకుళ్లు ఎక్కువేసిన. నా చేతులతోనే సంఘం ముసుగు ఖరాబు జేసిన."

మహిమ మాత్రం ముసుగును చూడటం మానేసి చిన్నవ్వనే చూస్తోంది.

"చిన్నవ్వా, అమ్మమ్మ ఏడున్నది?"

"చర్చెన్క సమాధులల్ల. గిప్పుడేం ప్రశ్నే?"

"ఆమె కాడ్నుంచి నువ్వు ఆదిలాబాద్ అంత దూరం పోతున్నవ్."

"నేనెందుకు పోత?"

"మరి నా ముసుగు మెడకాడ ఎందుకు ఆగింది?" మహిమ వాకిట్లోకి పోయిన ముసుగును చూపించింది. "ముసుగు ఇంటి కాడ్నుంచి కొలుస్తలేదు చిన్నవ్వా. తల్లి కాడ్నుంచి కొలుస్తున్నది. అందరు పిల్లలకు ఇల్లు, తల్లి ఒక్కకాడనే ఉంటరు. గందుకే మనకు ఇన్నేండ్లు తెల్వలే. నేను ఆదిలాబాద్ పోతున్న. నా తల్లి గూడ ఆడికే వస్తున్నది. మా ఇద్దరి నడుమ దూరం గింతే." తన మెడమీద చెయ్యి పెట్టి చూపించింది.

మగ్దలేనమ్మకు అర్థం కావడానికి కొంతసేపు పట్టింది. అర్థమయ్యాక ఆమె మొదట అడిగింది తన గురించి కాదు.

"మరి అక్క? మీ అవ్వ గూడ చర్చెన్కనే ఉన్నది గదనే."

"ఉన్నది. ఆమె కాడ్నుంచి కొలిస్తే నాకు గూడ బండ దాకా రావాలె. రాలే." మహిమ దగ్గరికి వచ్చి ముసుగు అంచుల మధ్యనున్న చిన్నవ్వ మొహాన్ని పట్టుకుంది. "అవ్వ ఏమనుకోదు."

ఇరవై నాలుగేళ్లలో మగ్దలేనమ్మను ఎవరూ తల్లి అనలేదు. ఆమె కూడా అనుకోలేదు. అనుకుంటే చచ్చిపోయిన అక్క చేతిలోంచి పిల్లను లాక్కున్నట్టు అవుతుందని భయం. బడిలో పేరు రాయించినప్పుడు, జ్వరాలకు జాగారం చేసినప్పుడు, మొదటిసారి పిల్ల తనకంటే పొడుగైనప్పుడు, ప్రతిసారీ ఆ మాటను నాలుక దాకా రానిచ్చి మింగేసింది. ఇప్పుడు మూడు బారల ముసుగు నెత్తిన పెట్టుకొని, ఎవరేమనుకుంటారన్న ఫికర్ లేకుండా భోరుమని ఏడ్చింది. గౌను మీద కన్నీళ్లు పడకుండా నవత తువ్వాలు పట్టుకొని పక్కన నిలబడింది.

ఏడుపు తగ్గాక పౌరుషం వచ్చింది.

"నేను రాను. పిల్లెంట అరణం లెక్క నన్ను గూడ పంపుతరా? అల్లునింట్ల కూసొని తింటనా నేను?"

"అల్లునింటికి ఎవలు రమ్మన్నరు?" అన్నది కిష్టవ్వ గడపలోంచి. "ఎదురింటి పిల్లకు రుమాలంత వచ్చింది. గీ పిల్లకు మెడ దాకా వచ్చింది. అంటే రెండు మూడు గల్లీలు. నీ పొయ్యి నీదే, నీ మిషను నీదే."

నవత కళ్లు పెద్దవయ్యాయి. "అత్తమ్మా, మా చర్చి గల్లీల కుట్టేటామె కొడుకు తాన ఉంటనని నాగ్‌పూర్ పోయింది. ఆర్నెల్ల సంది మా ఆడోళ్లు జాకెట్లకు ఎంత పరేషాన్ అయితున్రో! ఆమె ఉన్న అర్ర ఖాళీగనే ఉన్నది. బెన్నీ ఇంటికి రెండు గల్లీలే."

సాయంత్రం ఎండ తగ్గాక మగ్దలేనమ్మ ఒక్కతే చర్చి వెనక్కి పోయి, తల్లి సమాధికీ అక్క సమాధికీ మధ్యన ఎండిన గడ్డి పీకుతూ చీకటి పడేదాకా కూర్చుంది. అక్కడ ఏం మాట్లాడిందో ఎవరికీ చెప్పలేదు. నిజానికి ముసుగు చెప్పకపోతే ఆమె తనంతట తాను అడిగేదీ కాదు, వాళ్లు పిలిచినా పోయేదీ కాదు. వచ్చేటప్పుడు దారిలో అయ్యగారింట్లో ఆగి, ఇనప్పెట్టె తాళంచెవి అమ్మగారి చేతిలో పెట్టింది. కుంకుళ్లు ఎన్ని వేయాలో రెండుసార్లు చెప్పింది.

మిగిలింది రంగు ఒక్కటే. షాపు ముసుగు వద్దని మహిమ తేల్చేసింది. బారెడు తోక గౌను మీద మెడదాకా ముసుగంటే సగం తయారైనట్టు ఉంటుందేమోనని నవత గొణిగింది గానీ, ఆమె కూడా పట్టుబట్టలేదు. మగ్దలేనమ్మ బకెట్టు నీళ్లలో గ్లాసెడు టీ డికాక్షన్ కలిపి, సంఘం ముసుగును ముంచి తీసింది. రెండు ఉతుకులకు పోయేంత పలుచగానే కలిపింది. నీడన ఆరాక గంజి తెలుపు మీద పలుచగా మీగడ కట్టింది. గౌను పక్కన పెడితే ఏది ఎక్కడిదో ఆమెకే తెలియలేదు.

పెళ్లి రోజు బెన్నీ అన్నట్టే పొద్దుగాల్నే వచ్చి చర్చి ముందు నిలబడ్డాడు. మొదటి గంట కొట్టడానికి ఇంకా గంటన్నర ఉంది. కోటులో చెమటలు కారుతున్నా నీడకు పోలేదు. పదింటికి చర్చి నిండింది. మహిమ నడిచి వస్తుంటే పొట్టి ముసుగును చూసి ఒకరిద్దరు ఒంగి గుసగుసలాడారు. వెనక బెంచీలో వేరే మతం వాళ్లతో కలిసి కూర్చున్న కిష్టవ్వ, తెలియనివాళ్లకు సంగతంతా చెబుతూ, అయ్యగారు చూసినప్పుడల్లా ఆపుతూ ఉంది.

పౌలు అయ్యగారు పుస్తకం తెరిచారు. "ఈ స్త్రీని ఈ పురుషునికి పెండ్లి చేయుటకు ఇచ్చువారెవరు?" అని అడిగారు.

తండ్రి లేని ఆడపిల్లల తరఫున ఆ జవాబు చెప్పడం సంఘపెద్ద శ్యాంసుందర్ పని. ఆయన అప్పటికే లేచి గొంతు సవరించుకున్నాడు. ముందు బెంచీలోంచి మగ్దలేనమ్మ లేవడం చూసి, మళ్లీ మెల్లగా కూర్చున్నాడు.

"నేను," అన్నది ఆమె. గొంతు చర్చి చివరిదాకా వినబడింది. "మహిమ తల్లిని."

ఇస్తున్నానన్న మాట మాత్రం అనలేదు. అయ్యగారు కూడా దానికోసం ఆగకుండా పేజీ తిప్పారు.